పడుకుని పెరిగిన చెట్టు

మా అవ్వ లెక్కలో చెట్లు రెండే జాతులు. పనికొచ్చేవి, పనికిరానివి. పండో, కూరాకో, నీడో, కనీసం పొయ్యిలోకి పుల్లలో ఇస్తే మొదటి జాతి. ఏమీ ఇవ్వకుండా ఊరికే నిలబడితే రెండోది. మా బాపు, అంటే నాన్న, తెచ్చిన క్రిస్మస్ చెట్టును చూసిన రోజే ఆమె దాన్ని రెండో జాతిలో వేసేసింది. పూయదు, కాయదు, మేక ముట్టదు. ఇంత మొక్కకు అన్ని నీళ్ళెందుకు పోస్తున్నావని కొడుకును నిలదీసింది. బాపుకు అది నచ్చింది, తెచ్చాడు.

ఆ చెట్టు రాకముందు, తొంభైల మొదట్లో సంగతి ఇది. మేడ్చల్ నుంచి శామీర్‌పేట వెళ్ళే దారిలో, రావల్కోల్ దగ్గర మాకు అంగూర్ తోట ఉండేది. అప్పట్లో మా వైపు ఎటు చూసినా రాతి కడీలు, కడీల మీద ఇనప తీగెలు లాగిన పందిళ్ళు, వాటి కింద వేలాడే ద్రాక్ష గుత్తులే. బాపు పొద్దు పొడవకముందే లేచి తువ్వాల భుజాన వేసుకుని "మోటర్ ఏసొస్త" అని ఇంట్లోంచి తోటకు బోరు నీళ్ళు పెట్టడానికి బయల్దేరేవాడు. మా ఇంట్లో తెల్లవారడమంటే ఆ మాటే. పండగైనా, జ్వరమైనా, వాన పడుతున్నా సరే, ఆ మాట అనకుండా ఆయన చెప్పులు వేసుకున్నది నేను చూడలేదు.

తర్వాత బోర్లు అడుగంటాయి. ఒక్క మా తోటేమిటి, చుట్టుపక్కల అంగూర్ తోటలన్నీ ఒకదాని వెంట ఒకటి ఎండిపోయాయి. బాపు తీగలు పీకించి, పందిరి మాత్రం ఉంచి, దాని నీడన నర్సరీ పెట్టాడు. కడియం నర్సరీల నుంచి లారీల్లో మందారాలు, గులాబీలు, క్రోటన్లు వచ్చేవి. మిగిలిన కాసిన్ని నీళ్ళు వాటికి సరిపోయేవి. ఇక కొమ్మల నుంచి సొంతంగా మొక్కలు కట్టడం బాపుకు వెన్నతో పెట్టిన విద్య. అంగూర్ తోటలో ఆయన చేతికి అలవాటైంది అదే. ముదురు కొమ్మను జానెడు కోసి మట్టిలో గుచ్చితే తీగ అయ్యేది. ఏ కొమ్మైనా సరే, పై కొమ్మా కింది కొమ్మా అన్న తేడా లేదు. కొమ్మలో చెట్టంతా ఉంటుందని ఆయన నమ్మకం. ఈ మాట గుర్తుంచుకోండి, తర్వాత అవసరమవుతుంది.

ఆ కడియం లారీల్లోనే ఒకసారి క్రిస్మస్ చెట్టు వచ్చింది. మోకాలెత్తు మొక్క. ఒక కాండం, దాని చుట్టూ గొడుగు పుల్లల్లా ఒకే ఎత్తులో ఐదారు కొమ్మలు, కొంచెం పైన మళ్ళీ ఐదారు. అంతస్తులు అంతస్తులుగా, ఎవరో కొలిచి పేర్చినట్టు. డిసెంబర్‌లో అల్వాల్ నుంచి, బొల్లారం నుంచి పండగ చేసుకునే వాళ్ళు వచ్చి అలాంటి మొక్కల కోసం అడిగేవారు. వాళ్ళకు వేరే తెప్పించి ఇచ్చాడు గానీ దాన్ని మాత్రం ఎవరికీ ఇవ్వలేదు. తోట గేటు పక్కన గుంత తీసి నాటేశాడు.

మొదట్లో బాగానే ఉంది. గేటు దాటి ఎత్తు పెరిగాక చూస్తే అది వాలుతోంది. గాలికి ఊగడం కాదు, ఒకే వైపుకు, దక్షిణానికి. బాపు ముందు నన్ను అనుమానించాడు. నేనూ నా స్నేహితురాళ్ళూ పట్టుకుని ఊగామట. ఊగలేదు మొర్రో అంటే వినడే! తర్వాత గాలిని అనుమానించాడు, ఆ తర్వాత గుంతను. చివరికి ఇదంతా కాదని పాత పందిరి తీగె తెచ్చి, చెట్టు ఒరుసుకుపోకుండా సైకిల్ ట్యూబు ముక్క చుట్టి, ఉత్తరాన ఒక రాతి కడీ పాతించి దానికి లాగి కట్టాడు.

చెట్టు కట్టిన చోటు దాకా నిటారుగా నిలబడింది. ఆ పైన పెరిగిందంతా మళ్ళీ దక్షిణానికే వాలింది. బాపు ఇంకో తీగె ఇంకొంచెం పైన కట్టాడు. అది ఇంకొంచెం పైనుంచి వాలింది. పంతం పడితే మా వంశంలో ఎవరూ తక్కువ కాదు. కానీ ఆ చెట్టు మా అందర్నీ మించిపోయింది. పక్క తోట పెద్దమనిషి ఒకాయన సైకిల్ ఆపి మరీ ఎగతాళి చేసేవాడు. మొక్కైనప్పుడే వంగింది, ఇగ మానైనంక లేస్తదా అని. బాపు నవ్వేవాడు కాదు. గేటు ముందర వంకర చెట్టున్న నర్సరీవాడి దగ్గర మంచి మొక్కలేం దొరుకుతాయని జనం అనుకుంటారని ఆయన బాధ.

అవ్వ బాధ వేరు. దక్షిణం యముడి దిక్కు. తోట వాకిట్లో ఉన్న చెట్టు అటు తల వాల్చి నిలబడటం ఇంటికి మంచిది కాదని రోజూ సతాయించేది. కొట్టేయమనే మాట కూడా అన్నది. అలాగని ఆ చెట్టు కింద రాలిన రెమ్మల్ని వదిలేదా? వదలదు. ఆ చెట్టు ఆకులు విడివిడిగా రాలవు, తాడు ముక్కల్లా రెమ్మకు రెమ్మే రాలుతుంది. అవ్వ వాటిని పోగుచేసి ఇంటికి తెచ్చి నీళ్ళ కాగు కింద వేసేది. జిగురున్న రెమ్మలు కదా, భగ్గుమని అంటుకునేవి. స్నానాల గది దాకా సాంబ్రాణి లాంటి వాసన. అప్పుడైనా దాన్ని మొదటి జాతిలోకి మార్చవే అవ్వా అని నేనంటే, మాట వినపడనట్టు పొయ్యిలో పుల్ల ఎగదోసేది.

నేను డిగ్రీకి మేడ్చల్‌లో చేరాను. వృక్షశాస్త్రం చెప్పే మేడంకు మొక్కలంటే ప్రాణం. ఆమె పాఠం విన్న రోజు నేను ఇంటికి నడిచి రాలేదు, ఎగిరొచ్చాను. బాపు తెచ్చింది క్రిస్మస్ చెట్టు కాదు. అసలు పైన్ చెట్టే కాదు. పైన్‌కు సూదుల్లాంటి ఆకులు కట్టలు కట్టలుగా వస్తాయి. దీనికి పొలుసుల్లా రెమ్మలకు అతుక్కుని ఉంటాయి. పైన్లు, దేవదారులు ఉత్తరపు చలిదేశాల సంతానం. ఇది అరౌకేరియా కుటుంబం, దక్షిణపు చెట్టు. దీని చుట్టాలు ఆస్ట్రేలియాలో, దక్షిణ అమెరికా కొండల్లో, పసిఫిక్ సముద్రపు చిన్న చిన్న దీవుల్లో ఉన్నాయి. పైన్లూ ఇదీ అన్నీ శంకువృక్షాలే. దక్షిణపు శంకువృక్షాల్లో ఇంకో కుటుంబం కూడా ఉంది. మన పడమటి కనుమల్లో సొంతంగా పెరిగే ఒకే ఒక్క శంకువృక్షం దానిదే. దాని ఆకులు వెడల్పుగా ఉంటాయట, చూపిస్తే ఎవరూ నమ్మరట. ఇక మా అరౌకేరియాల వంశంలో ఒక చెట్టు రాతిలో అచ్చుగా తప్ప మిగల్లేదనుకుంటే, నేను బడిలో ఉన్న రోజుల్లోనే ఆస్ట్రేలియాలో ఒక లోతైన లోయలో పచ్చగా నిలబడి కనిపించిందట! 

ఆ రాత్రి అన్నాల దగ్గర ఇదంతా ఒకటే గుక్కలో చెప్పాను. ఒకప్పుడు దక్షిణపు నేలలన్నీ కలిసి ఒకే నేలగా ఉండేవని, మన గోండుల పేరు మీదనే దానికి గోండ్వానా అని పేరు పెట్టారని, మన భూమి కూడా అందులో ముక్కేనని, గోదావరి వైపు ఇలాంటి చెట్ల మొద్దులు రాళ్ళుగా మారి ఇప్పటికీ దొరుకుతాయని చెప్పాను. బాపు ముద్ద చేతిలో పట్టుకుని విన్నాడు. అంటే ఇది పరాయిది కాదు, మనోళ్ళదే అన్నమాట అని సంతోషపడ్డాడు. పేరు మాత్రం మార్చనన్నాడు. ఈ కొత్త పేరు చెబితే డిసెంబర్‌లో ఒక్కడూ కొనడట.

అవ్వ చేయి కడుక్కుని వచ్చి, దీని పుట్టిల్లు ఏ దిక్కని అడిగింది. దక్షిణమన్నాను. నిజంగానా అని రెండోసారి అడిగింది. నిజమేనన్నాను. అప్పుడు కొడుకు వైపు తిరిగింది.

"మరి ఇంకేంది కొడుకా? అత్తగారింట్ల ఎన్నేండ్లున్నా ఆడిది పుట్టినింటి దిక్కే సూస్తది. దాన్ని తీగెలేసి గుంజుడేంది? ఇడ్సిపెట్టు."

తెల్లారి బాపు పటకారు పట్టుకుని వెళ్ళి తీగెలన్నీ కోసేశాడు. ట్యూబు ముక్కలు తీస్తే బెరడు మీద నొక్కుకుపోయిన గీతలు కనిపించాయి. బాపు వాటిని బొటనవేలితో రుద్దాడు. చెట్టు ఏమీ కదల్లేదు. వాలినది వాలినట్టే ఉంది. ఆ రోజు నుంచి ఆ చెట్టును చూసి బాపు సిగ్గుపడటం నేను చూడలేదు.

చాలా ఏళ్ళ తర్వాత చదివాను. మా చెట్టు అరౌకేరియాల్లో స్తంభంలా సన్నగా పెరిగే రకం. మన నర్సరీల్లో వేరే రకం పేరుతో ఎక్కువగా అమ్ముడయ్యేది ఇదేనట. మా పాఠంలో కూడా తప్పు పేరే ఉండేది. ఈ రకం ఎక్కడ నాటినా భూమధ్యరేఖ వైపుకే వాలుతుంది. మన దేశంలో దక్షిణానికి, ఆస్ట్రేలియాలో అయితే ఉత్తరానికి. అంటే పుట్టిల్లు గిట్టిల్లు ఏమీ లేదు. ఎందుకలా వాలుతుందో శాస్త్రజ్ఞులకు కూడా పూర్తిగా తెలియదట. అప్పటికి అవ్వ లేదు. ఉన్నా నేను చెప్పేదాన్ని కాదు. నాకు అవ్వ చెప్పిన కారణమే నచ్చింది.

అవ్వ పోయిన మరుసటి ఏడు రోడ్డు వెడల్పు చేస్తారన్న కబురు వచ్చింది. టేపులు పట్టుకుని మనుషులొచ్చి కొలిచారు. గేటు, చెట్టు, ముందు వరస పందిరి, అన్నీ రోడ్డులోకి పోతాయన్నారు. చెట్టు మొదలుకు సున్నంతో గుర్తు పెట్టి వెళ్ళారు. పందిరి పోతుందన్నా బాపు పరేషాన్ కాలేదు. చెట్టు దగ్గరే ఆగిపోయాడు. అంత మానును వేళ్ళతో సహా లేపి ఇంకో చోట నాటడం మా వల్ల అయ్యే పని కాదు. మొలకెత్తే గింజ ఒంటిచెట్టు దగ్గర దొరకదు. మరి ఏం చేయాలి? దీని పిల్లను ఒకదాన్ని చేసుకోవాలి. చెట్టు పోయినా దాని పిల్ల ఇంకోచోట నిటారుగా నిలబడాలి. ఆయన కోరిక ఇంతే. ఇంకేమీ అడగలేదు మా బాపు.

పని ఆయనకు తెలిసిందే కదా! అందినంత ఎత్తులో పక్క కొమ్మల చివర్లు కోసి, ఇసుకా మాగిన ఎరువూ కలిపి, కుండీల్లో గుచ్చి, పైన గోనెపట్టా కప్పాడు. అంగూర్ కొమ్మలైతే నెలలో చిగురేసేవి. ఇవి నెలల తరబడి ఉలకలేదు పలకలేదు. చాలావరకు ఎండిపోయాయి. ఒక మూడు మాత్రం వేరుపట్టాయి. ఆ రోజు బాపు ఇంటికి మిఠాయి తెచ్చాడు. అమ్మ ఎవరి పెళ్ళి కుదిరిందని అడిగింది.

వేరుపట్టిన కొమ్మలు పెరగడం మొదలుపెట్టాయి. కానీ పైకి కాదు, పక్కకు. కుండీ అంచు దాటి, చాప పరిచినట్టు చదునుగా పోతున్నాయి. బాపు వెదురుపుల్ల గుచ్చి నిలబెట్టి కట్టాడు. పాత కథే మళ్ళీ మొదలు! కట్టినంత మేర నిలబడుతుంది, కొత్త చిగురు మళ్ళీ అడ్డంగానే వస్తుంది. చుట్టూ అంతస్తులు లేవు, గొడుగు లేదు. రెండు వైపులా రెక్కలతో ఒట్టి కొమ్మ.

పాత కాలేజీకి వెళ్ళి మేడంను అడిగాను. ఆమె చెప్పింది విని నాకు దిగులేసింది. ఈ చెట్లలో పక్క కొమ్మ నాటితే అది ఎన్నటికీ చెట్టు కాదు. బతికినంత కాలం పక్క కొమ్మగానే పెరుగుతుంది. నిటారు మొక్క కావాలంటే తలచిగురు ఒక్కటే దారి. దాన్ని కోసి నాటాలి. అంటే చెట్టు తల తీయాలి.

బాపుకు చెప్పడానికి రెండు రోజులు జంకాను. చెప్పాక ఆయన తలెత్తి చెట్టు పైకి చూశాడు. ఆకాశంలో ఎక్కడో ఉంది ఆ చిగురు, దక్షిణానికి వంగి.

"బతికున్నదాని తల కోసుడేంది బిడ్డా," అన్నాడు. "రోడ్డు అటుమొకాన జరుగుతదేమో సూద్దాం."

జరగదని నాకు తెలుసు, ఆయనకూ తెలుసు. వానలు పడుతున్నాయి, కొమ్మ నాటడానికి అదే అదును. జల్దీ చేయమని నేను పోరాను. కొంచెం కోపంగానే పోరాను, నా నోరు అలాంటిది. ఒక ఉదయం ఆయన నిచ్చెన వేసి, కొడవలి నడుముకు దోపుకుని ఎక్కాడు. కొమ్మలు మెట్లలా ఉంటాయి కాబట్టి నిచ్చెన అయిపోయాక కూడా ఎక్కగలిగాడు. నేనూ అమ్మా కింద నిచ్చెన పట్టుకుని నిలబడ్డాం. పైన చాలాసేపు ఉన్నాడు. ఆ తర్వాత ఎక్కినంత నెమ్మదిగా దిగి వచ్చాడు. చేతిలో చిగురు లేదు. పైనుంచి చెరువు కనిపిస్తాందని మాత్రం అన్నాడు. నేను మళ్ళీ పోరలేదు.

రోడ్డు పనివాళ్ళు ఎండాకాలంలో వచ్చారు. పొద్దున మొదలుపెట్టి పూట తిరక్కముందే పడగొట్టారు. ఎటు పడిందో వేరే చెప్పాలా? దక్షిణానికే. అన్నేళ్ళూ అందని తలచిగురు నేల మీద, మా కాళ్ళ దగ్గర పడింది. బాపు పరుగెత్తాడు. అంత వయసులో ఆయన పరుగెత్తడం అదే చూశాను. చిగురు కోసి, తడిగోనెలో చుట్టి, నర్సరీ వెనక నీడలో నాటాడు. రోజుకు ఎన్నిసార్లు నీళ్ళు చిలకరించాడో! నెల దాటినా అది పచ్చగానే ఉంది. బతికిందనే అనుకున్నాం. ఆ జాతి చెట్లు చచ్చాక కూడా చాలా రోజులు పచ్చగానే ఉంటాయని మాకు తెలియదు. ఒకరోజు ముట్టుకుంటే పెళుసుగా విరిగింది.

ఆ తర్వాత భూమిలో వాటా ఉన్న మా పాలివాళ్ళందరూ అమ్ముదామంటే మిగిలిన నేలా పోయింది. ప్లాట్ల రాళ్ళు పాతారు. బాపూ అమ్మా నాగారంలో ఒక కాలనీలో ఇల్లు కట్టుకుని వచ్చారు. అదే కాలనీలో రెండు వీధుల అవతల నా ఇల్లు. వేరుపట్టిన మూడు కొమ్మల్లో రెండు దారిలోనే పోయాయి. ఒకటి మిగిలింది. దాన్ని బాపు వెడల్పాటి సిమెంటు కుండీలో పెట్టి గేటు పక్కన ఉంచాడు. అది అక్కడ కూడా అలాగే, కుండీ మీంచి అడ్డంగా, అరుగు పొడవునా పెరుగుతూ పోయింది. వచ్చినవాళ్ళందరూ అయ్యో పడిపోయిందే అనేవారు. కొందరు చొరవగా లేపి గోడకు ఆనించేవారు. వాళ్ళు వెళ్ళాక బాపు మళ్ళీ పడుకోబెట్టేవాడు.

ఇల్లు కట్టుకుని కొన్నేళ్ళయింది. ఇంట్లో ఏదో శుభకార్యం ఉంది. నేను తెల్లవారకముందే వచ్చి వాకిలి ఊడుస్తుంటే ఆ కొమ్మ చీపురుకు అడ్డం పడింది. నాకు చిర్రెత్తుకొచ్చింది. పదిమంది వచ్చే ఇల్లు, గుమ్మం ముందు ఈ వాలకమేమిటని ఒక వెదురుకర్ర, తాడు తెచ్చి దాన్ని నిలబెట్టబోయాను. బాపు లోపలి నుంచి వచ్చి నా చేయి పట్టుకున్నాడు.

"ఉండనియ్ బిడ్డా. అది పడిపోలె. అది కొమ్మ. చెట్టు కొట్టేసిన్రని దానికి ఎర్క లేదు. ఇంకా చెట్టు మీదనే ఉన్ననన్కుంటాంది."

నేను తాడు కింద పడేశాను. ఆయన ఆ కొమ్మను ఒకసారి నిమిరాడు. భుజం మీద తువ్వాల సర్దుకుని, చెప్పులు వేసుకుని గేటు తీశాడు. ఇంత పొద్దున ఎటు పోతున్నావు బాపూ అని అడిగాను.

"మోటర్ ఏసొస్త," అన్నాడు.

తోట అమ్మాక ఆ మాట ఆయన నోట నేను వినడం అదే మొదటిసారి.  చీపురు గోడకు ఆనించి, ఆయన వెంట నడిచాను.